స్పిరిట్ 'స్వభావం' మారేదెక్కడ?
'డీనేచర్డ్' అనే రసాయన పదం వెనుక పన్నులు, అధికారాలు, ప్రాణాలు

పరిశ్రమలలో వాడే ఆల్కహాల్‌పై నియంత్రణాధికారం కేంద్రానిదా, రాష్ట్రాలదా అన్న దీర్ఘకాలిక వివాదానికి సుప్రీం కోర్టు 2024 అక్టోబరు 23న తెరదించింది. తొమ్మిదిమంది న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం 8-1 ఆధిక్యతతో రాష్ట్రాల పక్షాన తీర్పు చెప్పింది. రాజ్యాంగంలోని 'మత్తు కలిగించే మద్యం' అన్న మాట పరిధిలోకి రెక్టిఫైడ్ స్పిరిట్, ఎక్స్‌ట్రా న్యూట్రల్ ఆల్కహాల్, డీనేచర్డ్ స్పిరిట్ కూడా వస్తాయని ఆధిక్య తీర్పు స్పష్టం చేసింది.

ఈ మూడింటిలో చివరి పేరు ప్రత్యేకంగా పరిశీలించదగినది. తాగడానికి పనికిరాకుండా చేసిన స్పిరిట్‌నే 'డీనేచర్డ్' అంటారు. తాగడానికి పనికిరాని పదార్థం మద్యం ఎట్లా అవుతుందన్న ప్రశ్న సహజంగానే తలెత్తుతుంది. దీనికి సమాధానం చట్టంలో కంటే ముందు రసాయన శాస్త్రంలో వెదకవలసి ఉంటుంది.

మాట ఒకటి, అర్థాలు రెండు

'డీనేచర్' అంటే సహజ స్వభావాన్ని పోగొట్టడం అని అర్థం. జీవ రసాయన శాస్త్రంలో ఈ పదం అక్షరాలా వర్తిస్తుంది. కోడిగుడ్డును ఉడకబెట్టినప్పుడు పారదర్శకంగా ఉన్న సొన తెల్లగా గట్టిపడుతుంది. సొనలోని ప్రొటీన్ అణువులు వేడికి తమ మడతలు విప్పుకొని, ఒకదానితో మరొకటి చిక్కుపడిపోవడమే ఇందుకు కారణం. చల్లార్చినంత మాత్రాన ఆ గుడ్డు మళ్లీ పచ్చి గుడ్డు కాదు. అక్కడ పదార్థం స్వభావం నిజంగానే మారిపోయింది.

స్పిరిట్ విషయంలో జరిగేది ఇది కాదు. డీనేచర్ చేసిన తరువాత కూడా ఇథైల్ ఆల్కహాల్ అణువు ఎప్పటివలెనే ఉంటుంది. రెండు కార్బన్, ఆరు హైడ్రోజన్, ఒక ఆక్సిజన్ పరమాణువుల కూర్పులో ఏ మార్పూ రాదు. దానికి వెలుపలి నుంచి విషాన్నో, భరించరాని చేదునో, దుర్వాసననో, రంగునో కలుపుతారు. స్వభావం మారేది ఆ మిశ్రమానికే తప్ప ఆల్కహాల్‌కు కాదు. ఒకే పదం ఒకచోట తిరుగులేని మార్పునూ, మరొకచోట కేవలం కలపడాన్నీ సూచిస్తున్నది. కలిపినదాన్ని విడదీసే ప్రయత్నం ఎవరైనా చేయవచ్చు. చిక్కంతా ఇక్కడే ఉన్నది.

చక్కెర మిల్లులలో మిగిలే మొలాసిస్‌ను గాని, బియ్యం, మొక్కజొన్న వంటి ధాన్యాలను గాని పులియబెట్టి, స్వేదనం చేస్తే ఆల్కహాల్ వస్తుంది. మామూలు స్వేదనంతో బరువు ప్రకారం సుమారు 95.6 శాతం వరకే దాన్ని శుద్ధి చేయగలరు. ఆ దశలో ఆల్కహాల్, నీరు ఒకే నిష్పత్తిలో కలిసి ఆవిరి అవుతాయి గనుక ఎంత మరిగించినా మిగిలిన నీరు విడిపోదు. ఈ స్థాయికి కొంచెం అటూ ఇటూగా ఉండేదే రెక్టిఫైడ్ స్పిరిట్. దానిలోని మలినాలను మరింతగా తొలగిస్తే మద్యం కంపెనీలు వాడే ఎక్స్‌ట్రా న్యూట్రల్ ఆల్కహాల్ అవుతుంది. మిగిలిన నీటిని ప్రత్యేక పద్ధతులలో తీసివేస్తే పెట్రోలులో కలిపే ఇంధన ఇథనాల్ వస్తుంది. సీసాలోని మద్యం, ఆసుపత్రిలోని స్పిరిట్, వార్నిష్ డబ్బాలోని ద్రావకం, పెట్రోలులోని ఇథనాల్ అన్నింటిలోనూ ఉన్నది ఒకే అణువు. వాటి మధ్య గీత గీసింది ప్రభుత్వాలు.

పన్ను నుంచి పుట్టిన పదం

మద్యంపై అధిక సుంకం వేయడం ప్రభుత్వాలకు పాత అలవాటు. అయితే రంగులు, మందులు, అత్తర్లు, పాలిష్‌లు తయారుచేసే పరిశ్రమలకు కూడా ఆల్కహాల్ కావాలి. అంతే సుంకం వాటిపైనా పడితే పరిశ్రమలు నిలదొక్కుకోలేవు. సుంకం తీసివేస్తే చవక స్పిరిట్ తాగుబోతుల చేతికి పోతుంది. ఈ సంకటం నుంచి బయటపడడానికి బ్రిటన్ 1855లో ఒక చట్టం చేసింది. కలపను బట్టీ పెట్టగా వచ్చే నాఫ్తాను స్పిరిట్‌లో సుమారు పదో వంతు కలిపితే సుంకం లేకుండా అమ్మకానికి అనుమతించింది. 'మిథిలేటెడ్ స్పిరిట్' అన్న పేరు అట్లా ప్రచారంలోకి వచ్చింది. అమెరికా 1906లో ఇదే బాట పట్టింది.

దీని చేదు ఫలితాన్ని అమెరికా చవిచూసింది. 1920 నుంచి 1933 వరకు అక్కడ మద్యనిషేధం అమలులో ఉన్న కాలంలో దొంగవ్యాపారులు పారిశ్రామిక ఆల్కహాల్‌ను తరలించి, మళ్లీ స్వేదనం చేసి అమ్మసాగారు. దీన్ని అరికట్టే పేరుతో ప్రభుత్వం మరింత విషపూరితమైన పదార్థాలను కలపాలని ఆదేశించింది. తాగేవారు మానలేదు. మరణాలు పెరిగాయి. విషం కలపడం ద్వారా తాగుడును ఆపవచ్చునన్న ఆలోచన ఎంత ప్రమాదకరమో ఆ అనుభవం చాటిచెప్పింది.

అందువల్లనే తరువాతి కాలంలో విషానికి బదులు చేదును ఆశ్రయించే పద్ధతి బలపడింది. 1958లో స్కాట్లండ్‌లో కనుగొన్న డెనటోనియం బెంజోయేట్ అనే పదార్థం అతి స్వల్ప మోతాదులోనే నాలుకకు భరించరానంత చేదుగా ఉంటుంది. ఒక చుక్క నోట పడితే ఉమ్మివేయవలసిందే. తాగబోయేవాణ్ని అది చంపదు, హెచ్చరిస్తుంది. దుర్వాసన గల పిరిడిన్ వంటివి కూడా ఈ పనికి వాడుకలో ఉన్నాయి.

రాజ్యాంగంలో ఆల్కహాల్

భారతదేశంలో ఈ పదం పన్నుల పరిధి దాటి కేంద్ర-రాష్ట్ర సంబంధాలలోకి ప్రవేశించింది. రాజ్యాంగం ఏడవ షెడ్యూలులో రాష్ట్ర జాబితాలోని 8వ అంశం మత్తు కలిగించే మద్యం ఉత్పత్తి, నిల్వ, రవాణా, క్రయవిక్రయాలను రాష్ట్రాలకు అప్పగించింది. కేంద్ర జాబితాలోని 52వ అంశం ప్రకారం ప్రజాప్రయోజనం దృష్ట్యా పార్లమెంటు చట్టం ద్వారా ప్రకటించే పరిశ్రమలు కేంద్రం అదుపులోకి వస్తాయి. 1951 నాటి పరిశ్రమల అభివృద్ధి, నియంత్రణ చట్టం షెడ్యూలులో పులియబెట్టే పరిశ్రమలను కూడా చేర్చారు. ఒకే స్పిరిట్‌పై ఇద్దరు యజమానులు హక్కు చెప్పుకోవడం ఇక్కడినుంచే మొదలైంది.

1951లోనే బల్సారా కేసులో సుప్రీం కోర్టు మద్యం అన్న మాటకు విస్తృతార్థం చెప్పింది. అయితే 1989లో సింథటిక్స్ అండ్ కెమికల్స్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం భిన్నమైన దారి తొక్కింది. మత్తు కలిగించే మద్యమంటే ఉన్నది ఉన్నట్లుగా తాగదగినది మాత్రమేనని, పారిశ్రామిక ఆల్కహాల్‌పై సుంకం విధించే అధికారం రాష్ట్రాలకు లేదని తీర్పు చెప్పింది. 1999లో ఉత్తర ప్రదేశ్ ప్రభుత్వం పారిశ్రామిక ఆల్కహాల్ అమ్మకాలపై 15 శాతం రుసుము విధించగా, 2004లో అలహాబాద్ హైకోర్టు దాన్ని కొట్టివేసింది. ఆ వివాదమే పెరిగి పెద్దదై తొమ్మిదిమంది ధర్మాసనం ముందుకు వచ్చింది.

అప్పటి ప్రధాన న్యాయమూర్తి డి.వై. చంద్రచూడ్ రాసిన ఆధిక్య తీర్పు 1989 నాటి తీర్పును తోసిపుచ్చింది. ప్రజారోగ్యానికి హాని కలిగించేలా దుర్వినియోగం కాగల ఆల్కహాల్ అంతా రాష్ట్రాల పరిధిలోనిదేనని పేర్కొన్నది. అయితే చేతులు శుభ్రం చేసుకునే శానిటైజర్ వంటి తుది ఉత్పత్తులకు ఇది వర్తించదని కూడా స్పష్టీకరించింది. జస్టిస్ బి.వి. నాగరత్న ఒక్కరే విభేదించారు. దుర్వినియోగమయ్యే అవకాశం ఉన్నంత మాత్రాన పారిశ్రామిక ఆల్కహాల్‌ను మత్తు కలిగించే మద్యంగా పరిగణించరాదన్నది ఆమె అభిప్రాయం.

రసాయన దృష్టితో చూస్తే రెండు వాదాలకూ ఆధారం ఉన్నది. అణువును చూసినవారికి అది మద్యమే. మిశ్రమాన్ని చూసినవారికి అది మద్యం కాదు.

పన్నుల చట్టంలోనూ ఈ పదమే సరిహద్దు రాయిగా నిలిచింది. మానవ వినియోగానికి ఉద్దేశించిన మద్యం జి.ఎస్.టి. వెలుపల ఉన్నది. మద్యం తయారీకి వాడే ఎక్స్‌ట్రా న్యూట్రల్ ఆల్కహాల్‌ను కూడా జి.ఎస్.టి. నుంచి తప్పించాలని 2023 అక్టోబరులో జి.ఎస్.టి. మండలి నిర్ణయించింది. పారిశ్రామిక అవసరాలకు వాడేదానిపై 18 శాతం ఉండాలని పేర్కొన్నది. 2024లో చట్టాన్ని సవరించినప్పుడు 'డీనేచర్ చేయని' అన్న విశేషణాన్నే అందులో చేర్చారు. ఒక ట్యాంకరు సరుకుపై పన్ను ఎవరి ఖజానాకు చేరుతుందో తేల్చడంలో ఈ మాటకు ఇప్పుడు పాత్ర ఉన్నది.

మిథనాల్ వేరు

సామాన్య పాఠకునికి ఈ చర్చలో అన్నిటికంటే ముఖ్యమైనది మరొకటి ఉన్నది. డీనేచర్డ్ స్పిరిట్ వేరు, మిథనాల్ వేరు. మొదటిది ప్రధానంగా ఇథైల్ ఆల్కహాల్. కలిపిన విషం అందులో కొద్ది భాగమే. మిథనాల్ అనే మిథైల్ ఆల్కహాల్ మరొక పదార్థం. అది చెరకు నుంచి గాని ధాన్యం నుంచి గాని తయారుచేసేది కాదు. ముఖ్యంగా సహజవాయువు, బొగ్గు దానికి ముడిసరుకులు. రంగులు, జిగుర్లు, మందుల పరిశ్రమలలో అది విరివిగా వాడుకలో ఉన్నది. చూపుకు, వాసనకు రెండూ దాదాపు ఒకేలా ఉంటాయి. స్పిరిట్ అనే ఉమ్మడి పేరు ఈ తేడాను మరింతగా కప్పివేస్తున్నది.

శరీరంలో మాత్రం రెండింటి దారులు వేరు. కాలేయం మిథనాల్‌ను మొదట ఫార్మాల్డిహైడ్‌గా, తరువాత ఫార్మిక్ ఆమ్లంగా మారుస్తుంది. ఆ ఆమ్లం కంటినరాన్ని దెబ్బతీస్తుంది, రక్తాన్ని ఆమ్లమయం చేస్తుంది. 10 మిల్లీలీటర్ల మిథనాల్ కూడా చూపును పోగొట్టగలదు. తాగిన వెంటనే మామూలు మత్తులాగే ఉండి, అసలు లక్షణాలు కొన్ని గంటల తరువాత, ఒక్కొక్కప్పుడు మరునాటికి గాని బయటపడకపోవడం దీనిలోని పెద్ద ప్రమాదం. కడుపునొప్పి, వాంతులు, ఆయాసం, చూపు మసకబారడం కనిపిస్తే ఒక్క క్షణం కూడా ఆలస్యం చేయక ఆసుపత్రికి చేర్చాలి. విరుగుడు మందులు, డయాలిసిస్ సకాలంలో అందితే ప్రాణం దక్కే అవకాశం ఉన్నది.

ఈ తేడా తెలియకపోవడం వల్ల, తెలిసినవారు దాచిపెట్టడం వల్ల దేశం భారీ మూల్యం చెల్లించింది. 2022 జూలైలో మద్యనిషేధం అమలులో ఉన్న గుజరాత్‌లో బోటాద్ పరిసర గ్రామాలలో 40 మందికి పైగా మరణించారు. ఒక గోదాము నుంచి దారిమళ్లిన మిథనాల్‌ను నీటిలో కలిపి సారాగా అమ్మినట్లు దర్యాప్తులో వెల్లడైంది. 2024 జూన్‌లో తమిళనాడులోని కళ్లకురిచ్చిలో మిథనాల్ కలిసిన సారా 60 మందికి పైగా ప్రాణాలు తీసింది. మృతులలో అత్యధికులు కూలినాలి చేసుకునేవారు, చవకగా దొరికే ప్యాకెట్ సారాకు అలవాటుపడినవారు.

తెలుగు నేలపై కూడా ఈ విషాదం వేరొక రూపంలో కనిపించింది. కరోనా లాక్‌డౌన్ కారణంగా మద్యం దుకాణాలు మూతపడిన సమయంలో, 2020 జూలై చివరి రోజులలో ప్రకాశం జిల్లా కురిచేడులో మద్యానికి బదులు శానిటైజర్ తాగి పదిమందికి పైగా మరణించారు. సీసాపై ఆల్కహాల్ అన్న మాటను చూశారే తప్ప, అది ఏ ఆల్కహాల్, దానిలో ఇంకేమి కలిసింది అన్నది వారికి తెలియజెప్పినవారు లేరు.

పెరుగుతున్న నిల్వలు

ఈ సమస్య రానున్న కాలంలో తగ్గేది కాదు. పెట్రోలులో ఇథనాల్ కలిపే కార్యక్రమం 2003లో 5 శాతం లక్ష్యంతో మొదలైంది. 2014లో కలిసింది రెండు శాతం లోపే. 2022లో 10 శాతం, 2025లో 20 శాతం స్థాయికి ఇది చేరింది. విదేశీ మారకం ఆదా, చెరకు రైతులకు బకాయిల చెల్లింపు వంటి ప్రయోజనాలు దీనివల్ల సమకూరాయి. అదే సమయంలో ఎన్నో కొత్త డిస్టిలరీలు వెలిశాయి. మునుపెన్నడూ లేనంత ఆల్కహాల్ రోడ్లపై ట్యాంకర్లలో ప్రయాణిస్తున్నది. డిస్టిలరీ గేటు దాటిన సరుకు నిర్దేశించిన చోటికే చేరిందా అన్నది చూడవలసిన బాధ్యత అంతకంతకూ పెరుగుతున్నది.

సుప్రీం కోర్టు తీర్పుతో అధికారం ఎవరిదన్న సందేహం తొలగింది. అధికారంతోపాటు జవాబుదారీతనం కూడా రాష్ట్రాలకు సంక్రమించింది. స్పిరిట్ ప్రమాదాలు జరిగినప్పుడు, అది పారిశ్రామిక సరుకు, కేంద్రం పరిధిలోనిదంటూ తప్పుకోవడానికి ఇకమీదట వీలు లేదు. లైసెన్సు రుసుముల వసూలుకే ఈ అధికారాన్ని పరిమితం చేస్తే తీర్పు ఉద్దేశం నెరవేరదు. ఆల్కహాల్‌తోపాటు మిథనాల్ నిల్వలను కూడా చుక్క చుక్క లెక్కగట్టడం, తరలింపుపై నిఘా పెట్టడం, ప్రాణం తీసే విషానికి బదులు నోట పెట్టనివ్వని చేదును కలపడం, సీసాలపై, పీపాలపై స్థానిక భాషలో స్పష్టమైన హెచ్చరికలు రాయించడం తక్షణ కర్తవ్యాలు.

'డీనేచర్డ్' అన్న ముద్ర అధికారికి పన్ను రేటును తెలుపుతుంది, పారిశ్రామికునికి సరుకు రకాన్ని తెలుపుతుంది. చదవడం రాని కూలీకి మాత్రం అది ఏమీ చెప్పదు.