45 సెకన్లలో బ్యాంకు మూత: సైబర్ యుద్ధాల రికార్డులు

ప్రపంచంలోకెల్లా ఖరీదైన సైబర్ దాడుల్లో మొదట చెప్పుకోవలసిన పేరు నాట్‌పెట్యా. తేదీ 2017 జూన్ 27. చోటు ఉక్రెయిన్. అమెరికా ప్రభుత్వం వేసిన లెక్కలో నష్టం 1,000 కోట్ల డాలర్ల పైమాటే. అప్పటి మారకం ధరలో దాదాపు 65 వేల కోట్ల రూపాయలు! ఆ ఏడాది ఆంధ్రప్రదేశ్ బడ్జెట్ మొత్తం 1.57 లక్షల కోట్లు. ఒక రాష్ట్రం ఏడాది పొడవునా జీతాలకీ రోడ్లకీ ఆసుపత్రులకీ పింఛన్లకీ పెట్టే ఖర్చులో ఐదింట రెండు వంతుల సొమ్ము ఒక్క వైరస్‌తో ఆవిరైంది.

మోసంలోనూ దానికి సాటి తక్కువ. ఉక్రెయిన్ వ్యాపారులు పన్ను లెక్కలు పంపడానికి వాడే సాఫ్ట్‌వేర్ ఎం.ఇ.డాక్. హ్యాకర్లు దాని అప్‌డేట్‌లోనే విషం కలిపారు. బిట్‌కాయిన్ రూపంలో 300 డాలర్లు కడితే ఫైళ్లు తిరిగిస్తామని తెర మీద సందేశం. కట్టినా రావు! తాళం వేసినవాళ్ల దగ్గరే తాళంచెవి లేదు. డబ్బు కోసం కాదు, నాశనం కోసమే రాసిన ప్రోగ్రామ్ అది. అప్పటికి మూడేళ్లుగా తూర్పు ఉక్రెయిన్‌లో యుద్ధం నడుస్తోంది. రష్యా సైనిక గూఢచారి సంస్థ జీఆర్‌యూ పనేనని అమెరికా, బ్రిటన్ ప్రకటించాయి. మాది కాదంది రష్యా.

ఇక వేగం. ఉక్రెయిన్‌లో ఒక పెద్ద బ్యాంకు నెట్‌వర్క్ మొత్తం కుప్పకూలడానికి పట్టిన సమయం 45 సెకన్లు. ఒక పెద్ద రవాణా కేంద్రంలో కొంత భాగానికి 16 సెకన్లే చాలాయి. ఫోన్ తీసి ఐటీ విభాగానికి కబురు చెప్పేలోపే అంతా అయిపోయింది. 1986లో పేలిన చెర్నోబిల్ అణు కేంద్రం దగ్గర కూడా రేడియేషన్ కొలిచే కంప్యూటర్లు ఆగిపోయాయి. సిబ్బంది చేత్తో పట్టుకునే మీటర్లతో కొలతలు తీసుకున్నారు.

వైరస్‌కు సరిహద్దు తెలియదు. డెన్మార్క్ నౌకా సంస్థ మెర్స్క్‌కు ఆ యుద్ధంతో ఏ సంబంధమూ లేదు. అయినా దాని నెట్‌వర్క్ నాశనమైంది. ప్రతి 15 నిమిషాలకు ఒక నౌక ఏదో ఒక రేవు చేరే సంస్థ అది. పది రోజుల్లో 4,000 సర్వర్లు, 45,000 కంప్యూటర్లు, 2,500 అప్లికేషన్లు మళ్లీ మొదటి నుంచి పెట్టుకుంది. 40 సెంటీమీటర్ల ఎత్తు సీపీయూ పెట్టెలు 45,000 ఒకదాని మీద ఒకటి పేర్చి చూడండి: 18 కిలోమీటర్లు! ఇరవై మీటర్ల తాటిచెట్లు 900 నిలబెట్టినంత ఎత్తు. ఎవరెస్టు రెండింతలు కూడా దానికంటే కాస్త పొట్టే.

ప్రపంచంలోకెల్లా అదృష్టకరమైన కరెంటు కోత కూడా ఆ రోజుదే. మెర్స్క్ నెట్‌వర్క్‌కు మూలాధారమైన డొమైన్ కంట్రోలర్లు దాదాపు 150. ఒకదాని సమాచారం ఇంకొకటి దాచుకునే ఏర్పాటు. అన్నీ ఒకేసారి చెరిగిపోతాయని ఎవరూ అనుకోలేదు. అన్నీ చెరిగిపోయాయి, ఒక్కటి తప్ప. అది ఘానా కార్యాలయంలోది. దాడికి ముందు అక్కడ కరెంటు పోయి ఆ కంప్యూటర్ ఆగిపోయింది, అందుకే బతికింది. నెట్‌లో పంపాలంటే ఘానా లైను చాలలేదు. అక్కడి ఉద్యోగులకు బ్రిటన్ వీసా లేదు. ఒకరు హార్డ్‌డిస్కు పట్టుకుని నైజీరియా విమానాశ్రయానికి వెళ్లారు, అక్కడ ఇంకొకరు అందుకుని లండన్ చేర్చారు. ప్రపంచ కంటైనర్ రవాణాలో అప్పట్లో సుమారు ఐదో వంతు మోసే సంస్థ ప్రాణం ఒక ప్రయాణికుడి సామానులో ఆరున్నర గంటలు ఎగిరింది!

మన దేశానికీ సెగ తగిలింది. ముంబయి జవహర్‌లాల్ నెహ్రూ రేవులో మెర్స్క్ బృందం నడిపే టెర్మినల్ పనులు స్తంభించాయి. అమెరికా మందుల కంపెనీ మెర్క్ పేచీ అన్నిటికంటే పెద్దది. 140 కోట్ల డాలర్ల బీమా అడిగితే, ఇది యుద్ధం కిందికి వస్తుంది, ఇవ్వబోమన్నాయి బీమా కంపెనీలు. న్యూజెర్సీ కోర్టులు మెర్క్ వైపే తీర్పు చెప్పాయి. 2017 నష్టానికి రాజీ కుదిరింది 2024 జనవరిలో. ఈలోగా లండన్ బీమా మార్కెట్ లాయిడ్స్, ప్రభుత్వాలు వెనకుండి చేయించే సైబర్ దాడులను పాలసీల నుంచి మినహాయించాలని 2023 నుంచి నిబంధన పెట్టింది. అంటే రేపు నష్టపోయేవాడికి బీమా అండ కూడా అనుమానమే.

అత్యంత చవకైన విరుగుడు ఎంత? 10 డాలర్ల 69 సెంట్లు, మన లెక్కలో 700 రూపాయల లోపు. 2017 మే 12న వాన్నాక్రై వైరస్ 150 దేశాల్లో 2 లక్షలకు పైగా కంప్యూటర్లను పట్టుకుంది. ఆంధ్రప్రదేశ్ పోలీసు కంప్యూటర్లు కూడా అందులో చిక్కాయి. బ్రిటన్ ప్రభుత్వ ఆసుపత్రుల్లో సుమారు 19,000 అపాయింట్‌మెంట్లు రద్దయ్యాయి. బ్రిటన్‌లో 22 ఏళ్ల కుర్రాడొకడు ఆ ప్రోగ్రామ్‌లో దాగిన ఒక వెబ్ చిరునామా చూసి, దాన్ని ఆ కాస్త డబ్బుకు తన పేర రాయించుకున్నాడు. వైరస్ వ్యాప్తి అక్కడితో ఆగింది. దాడి వెనక ఉత్తర కొరియా ఉందని అమెరికా, బ్రిటన్ తేల్చాయి. విచిత్రం ఏమిటంటే, వాన్నాక్రైకీ 46 రోజుల తర్వాత వచ్చిన నాట్‌పెట్యాకీ రెక్కలిచ్చింది ఒకే పరికరం: ఎటర్నల్‌బ్లూ. తయారుచేసింది అమెరికా నిఘా సంస్థ ఎన్‌ఎస్‌ఏ. దొంగలు దాన్ని బయటపెట్టారు. సొంత అమ్ములపొదిలో దాచుకున్న ఒక్క బాణం పోతే ఎంత అనర్థమో చెప్పడానికి దీన్ని మించిన ఉదాహరణ నాకు తెలియదు.

హ్యాకర్ల పరుగుపందెం ఫలితాలూ ఉన్నాయి. ఒక కంప్యూటర్‌లో దూరాక పక్క కంప్యూటర్‌కు పాకడానికి ఎవరికి ఎంత సేపు పడుతుందో సైబర్ భద్రతా సంస్థ క్రౌడ్‌స్ట్రైక్ 2019 నివేదికలో కొలిచి చూపింది. రష్యా బృందాలు 18 నిమిషాల 49 సెకన్లు. ఉత్తర కొరియా 2 గంటల 20 నిమిషాలు. చైనా 4 గంటలు. ఇరాన్ 5 గంటల 9 నిమిషాలు. మామూలు నేరగాళ్లు 9 గంటల 42 నిమిషాలు. మొదటి వాళ్లకూ చివరి వాళ్లకూ 30 రెట్ల తేడా!

ట్యాంకులూ హ్యాకర్లూ కలిసి కదిలిన మొదటి యుద్ధంగా చెప్పేది 2008 ఆగస్టు నాటి రష్యా, జార్జియా పోరు. వెబ్‌సైట్లు కూలిపోగా జార్జియా విదేశాంగ శాఖ తన ప్రకటనల్ని గూగుల్ బ్లాగులో పెట్టుకోవలసి వచ్చింది.

హ్యాకర్లు ఆర్పిన మొదటి కరెంటు: 2015 డిసెంబర్ 23, పశ్చిమ ఉక్రెయిన్. మూడు విద్యుత్ పంపిణీ సంస్థలు, 2.25 లక్షల మంది వినియోగదారులు, 1 నుంచి 6 గంటల చీకటి. ఆపరేటర్ల కళ్ల ముందే తెర మీద బాణం గుర్తు తనంతట తాను కదిలి స్విచ్‌లు ఆపేసింది. ఫిర్యాదు చేద్దామంటే కాల్ సెంటర్‌ను దొంగ కాల్స్‌తో ముంచెత్తారు. గట్టెక్కించింది పాతకాలపు చేతి స్విచ్‌లు. ఇంజినీర్లు సబ్‌స్టేషన్లకు పరుగెత్తి వాటిని చేత్తో వేశారు. ఏడాది తిరగకుండానే కీవ్ మీద మళ్లీ దాడి. ఈసారి నగర విద్యుత్తులో ఐదో వంతు గంటసేపు పోయింది.

అన్నిటికంటే నిర్దయమైనదని నేను అనుకునేది చిన్న దాడే. 2024 జనవరి, ల్వీవ్ నగరం, సున్నా కంటే దిగువన చలి. 600కు పైగా అపార్ట్‌మెంట్ భవనాలకు వేడినీళ్లు, గది వేడి దాదాపు 48 గంటలు ఆగిపోయాయి. ఫ్రాస్టీగూప్ అనే మాల్‌వేర్ వేడి సరఫరా యంత్రాలకు తప్పుడు కొలతలు చూపింది. పసిపిల్లలు, ముసలివాళ్లు వణికిన ఆ రెండు రాత్రులు ఏ సైనిక విజయానికి పనికొచ్చాయి?

అతిపెద్ద ఫోన్ల మౌనం: 2023 డిసెంబర్ 12. ఉక్రెయిన్‌లో అతిపెద్ద మొబైల్ సంస్థ కీవ్‌స్టార్ మూగబోయింది. 2.4 కోట్ల మంది చందాదారులకు సిగ్నల్ లేదు. సుమీ ప్రాంతంలో వైమానిక దాడి సైరన్లు ఆగాయి. ల్వీవ్‌లో వీధి దీపాలు పగలైనా ఆరలేదు, మనుషులు వెళ్లి ఆర్పవలసి వచ్చింది. ఉక్రెయిన్ భద్రతా సంస్థ చెప్పిన ప్రకారం హ్యాకర్లు కనీసం మే నెల నుంచే లోపల ఉన్నారు, అంటే ఏడు నెలలు.

ఏడు నెలలు ఏ మూలకు? దాగుడులో మేటి చైనాతో ముడిపెట్టిన వోల్ట్ టైఫూన్ హ్యాకర్ బృందం. అమెరికాలో కొన్ని కీలక సంస్థల్లో కనీసం ఐదేళ్లు చప్పుడు చేయకుండా తిష్ఠ వేసిందని అమెరికా ప్రభుత్వ సంస్థలు 2024లో ప్రకటించాయి. నీళ్లు, కరెంటు, రవాణా, కమ్యూనికేషన్లు దాని గురి. ఏదీ పగలగొట్టలేదు. యుద్ధం వస్తే పగలగొట్టడానికే కాచుకుని ఉందన్నది వాళ్ల అంచనా.

సమయం చూసి కొట్టడంలో ఉపగ్రహ ఇంటర్నెట్ సంస్థ వయాశాట్ మీద జరిగిన దాడిది పైచేయి. 2022 ఫిబ్రవరి 24న రష్యా సేనలు ఉక్రెయిన్‌లో అడుగుపెట్టడానికి సుమారు గంట ముందు దాని మోడెమ్‌లు వేలాదిగా చచ్చాయి. దెబ్బ ఉక్రెయిన్ సైన్యానికి వేసింది, తగిలింది జర్మనీకి కూడా! అక్కడ 5,800 గాలిమరల దూర పర్యవేక్షణ తెగిపోయింది. వాటి మొత్తం సామర్థ్యం 11,000 మెగావాట్లు.

కంప్యూటర్ కోడ్ ఇనుమును విరిచిన మొదటి ఘనత 2010లో బయటపడ్డ స్టక్స్‌నెట్‌ది. ఇరాన్ నటాంజ్ అణు కేంద్రంలో సుమారు 1,000 సెంట్రిఫ్యూజులు దెబ్బతిన్నాయి. 1,064 హెర్ట్జ్‌లో తిరగవలసిన వాటిని 1,410కి ఎక్కించి, మళ్లీ 2కి దించింది. తెర మీద మాత్రం అంతా సవ్యంగానే కనిపించింది! అమెరికా, ఇజ్రాయెల్ పనేనని చెబుతారు, రెండూ అధికారికంగా ఒప్పుకోలేదు. అది దారి తప్పి లక్ష కంప్యూటర్లకు పాకింది. ఎక్కువగా సోకిన మొదటి మూడు దేశాల్లో మన దేశం ఒకటి.

స్టక్స్‌నెట్ పరిమాణం 500 కేబీ. 2012లో పట్టుబడ్డ ఫ్లేమ్ అనే మాల్‌వేర్ 20 ఎంబీ, దానికి 40 రెట్లు. 2022లో ఉక్రెయిన్ మీద వదిలిన క్యాడీవైపర్ 9 కేబీ మాత్రమే, ఫ్లేమ్‌లో రెండు వేలో వంతు. కంప్యూటర్లలో ఉన్నదంతా చెరిపేయడానికి అంతే చాలింది.

అతి సులువైన తాళంచెవి: 1111. 2023 నవంబర్, గాజా యుద్ధం ఉధృతంగా ఉన్న రోజులు. అమెరికాలో పది వేల జనాభా కూడా లేని అలిక్విపా పట్టణపు నీటి సరఫరా యంత్రం ఇరాన్ అనుకూల హ్యాకర్ల చేతికి చిక్కింది. ఆ ఊరి నేరమల్లా ఇజ్రాయెల్‌లో తయారైన యంత్రం వాడటమే. ఆ రకం యంత్రాలకు ఫ్యాక్టరీలో పెట్టే పాస్‌వర్డ్ ఆ నాలుగు ఒకట్లే.

అతిపెద్ద దోపిడీ: 2025 ఫిబ్రవరి 21. బైబిట్ క్రిప్టో సంస్థ నుంచి 150 కోట్ల డాలర్లు పోయాయి. ఉత్తర కొరియా పని అంది ఎఫ్‌బీఐ. దానికి పూర్తి విరుద్ధం అదే ఏడాది జూన్‌లో, ఇజ్రాయెల్, ఇరాన్ యుద్ధం మధ్యలో జరిగింది. ప్రెడేటరీ స్పారో అనే బృందం ఇరాన్ క్రిప్టో సంస్థ నోబిటెక్స్ నుంచి 9 కోట్ల డాలర్లు లాగి, ఎవరూ తెరవలేని ఖాతాల్లోకి పంపేసింది. దోచిన సొమ్ము దోచినవాళ్లకూ దక్కలేదు!

సైబర్ దాడికి బాంబుతో మొదటి జవాబుగా చెప్పేది 2019 మే నెలలో ఇజ్రాయెల్‌ది. హమాస్ హ్యాకర్లున్న భవనాన్ని విమానాలతో కూల్చింది. సైబర్ దాడి కారణంగా దౌత్య సంబంధాలే తెంచుకున్న మొదటి దేశం చిన్నారి అల్బేనియా. 2022 సెప్టెంబర్ 7న ఇరాన్ రాయబార సిబ్బందికి 24 గంటల గడువిచ్చింది.

మన లెక్క? 2025లో పహల్గాం దాడి తర్వాత దేశంలోని కీలక వ్యవస్థల మీద 15 లక్షల సైబర్ దాడులు జరిగాయని, ఫలించినవి 150 మాత్రమేనని మహారాష్ట్ర సైబర్ విభాగం ప్రకటించింది. పది వేలకు ఒకటి. గల్వాన్ ఘర్షణ తర్వాత 2021లో చైనా హ్యాకర్లు గురిపెట్టారంటూ తెలంగాణ ట్రాన్స్‌కో, జెన్‌కోలకు కేంద్ర సంస్థ సెర్ట్-ఇన్ హెచ్చరిక పంపింది.

సైబర్ దాడి సంగతి తెలిసిన 6 గంటల్లో సంస్థలు సెర్ట్-ఇన్‌కు చెప్పి తీరాలన్నది 2022 నుంచి మన దేశంలో నిబంధన. యూరప్‌లో వ్యక్తిగత సమాచారం లీకైతే చెప్పడానికి 72 గంటల గడువు. అది సంస్థల సంగతి. ఇక మన వంతు: మీ ఇంటి వైఫై పెట్టెకీ, గుమ్మం మీద కెమెరాకీ కొన్నప్పటి పాస్‌వర్డే ఉంటే ఈ పూటే మార్చండి. మీ ఊరి మంచినీటి పథకంలో కంప్యూటర్‌తో నడిచే మోటార్లుంటే, వాటి పాస్‌వర్డ్ ఎప్పుడు మార్చారో పంచాయతీలో అడగండి.