కొట్టడానికి విలన్ లేని కథ

ఎన్టీఆర్ జిల్లా ఎ.కొండూరు మండలంలోని తండాలను కిడ్నీ వ్యాధి ఏళ్ళ తరబడి కుంగదీస్తోంది. అనుమానమంతా తాగే భూగర్భజలం మీదే. డయాలసిస్ కోసం విజయవాడ దాకా తిరిగి కుటుంబాలు చితికిపోయాయి. ఇంత దుఃఖాన్ని మన సినిమా ఎందుకు ముట్టుకోదు? క్లైమాక్సులో హీరో చేత తన్నులు తినడానికి ఇందులో ఒక మనిషంటూ లేడు కాబట్టి! విలన్ లేకపోతే కథే లేదన్న ఈ లెక్క తప్పని 1988లోనే రుజువు చేసిన తెలుగు సినిమా ఒకటుంది. అది బి.నర్సింగరావు ‘దాసి’.

1920ల తెలంగాణ. కోటలాంటి ఒక దొర గడీ, అందులో కమలాక్షి అనే దాసి. పగలంతా చాకిరీ, దొర పిలిస్తే ఆయన గదికి వెళ్ళాలి, కడుపొస్తే తీయించుకోవాలి. దొరనొక్కణ్ణే రాక్షసుణ్ణి చేసి వదిలేస్తే ఆయన్ని తిట్టుకుని మనం హాయిగా ఇంటికి పోతాం. నర్సింగరావు ఆ వెసులుబాటు ఇవ్వలేదు, గడీ అనే ఏర్పాటునే ముద్దాయిగా నిలబెట్టారు. ఆ సినిమాకు ఐదు జాతీయ అవార్డులొస్తే, అందులో ఒకటి దుస్తులకు. సుదర్శన్ అందుకున్నారు. డ్యూయెట్లు లేని సినిమాలో బట్టలకు అవార్డేమిటి? దాసి ఒంటిమీది కోక, దొరసాని చీర పక్కపక్కన కనిపిస్తే చాలు, ఎవరు ఎవరి సొత్తో మాట అక్కర్లేకుండా తెలిసిపోతుంది. పల్లె స్త్రీలను నిండు రంగుల్లో గీసే చిత్రకారుడు తోట వైకుంఠం ఇక్కడ కళాదర్శకుడు. ఆయనకూ అవార్డు వచ్చింది. తమిళ సినిమా ‘వీడు’ తర్వాత వరసగా రెండోసారి జాతీయ ఉత్తమ నటి అయిన అర్చన, ఈ చాకిరీని ఏడుపు సీనుగా మార్చకుండా ఒక దినచర్యలా మోసింది. వాస్తవికత అంటే నా దృష్టిలో ఇదే: అన్యాయాన్ని సంఘటనగా కాక అలవాటుగా చూపడం.

ఇలాంటి సినిమాలు అవార్డులకే, జనం చూడరన్న అభ్యంతరం పాతదే. నర్సింగరావు నిర్మాతల్లో ఒకరైన ‘మా భూమి’ని జనమే నిలబెట్టారు, అందులో గద్దర్ పాడిన పాట ఊరూరా మోగింది. నెమ్మదిగా నడుస్తాయన్న మాట మాత్రం నిజం. కానీ రోజూ అదే నీళ్ళు తాగి పదేళ్ళకు మంచమెక్కే బతుకును మూడు నిమిషాల ఫైటుగా చెబితే అది అబద్ధం అవుతుంది. ఆ నెమ్మది దర్శకుడి చాదస్తం కాదు, ఆ బతుకుల వేగమే అంత.

నర్సింగరావు సినిమాలు
‘మా భూమి’ (నిర్మాణం, దర్శకుడు గౌతమ్ ఘోష్), ‘రంగుల కల’ (1983, ప్రధాన పాత్రా ఆయనదే), ‘మా ఊరు’ డాక్యుమెంటరీ, ‘దాసి’ (1988), వలస కూలీలపై ‘మట్టి మనుషులు’ (1990).

తిరువూరు, మైలవరం కాలేజీల్లో ఫోన్లతో షార్ట్‌ఫిల్ములు తీస్తున్న పిల్లలకు ఒక విన్నపం. ముందు ‘దాసి’ చూడండి. తర్వాత ఎ.కొండూరు తండాకు వెళ్ళి, నీళ్ళ బిందె దగ్గర కెమెరా పెట్టి, తొందరపడకుండా కూర్చోండి.