కాల్చిన క్యాప్సికం, టమాటా సూప్: ఉప్పు తగ్గించినా రుచి ఎలా వస్తుంది?

ఈరోజు వీడియో వంట గురించే. టమాటాలు, ఎర్ర క్యాప్సికం కాల్చి ఇంట్లోనే సూప్ ఎలా చేయాలో చూద్దాం. దాంతోపాటు ఆ రుచి అసలు ఎక్కడి నుంచి వస్తుందో కూడా మాట్లాడుకుందాం. అది తెలిస్తే ఉప్పు మీద ఆధారపడటం తగ్గుతుంది.

ఈ టాపిక్ ఎందుకంటే, మనలో చాలామంది ఊరెళ్లేటప్పుడు అమ్మానాన్నలకి ఏదో ఒకటి కొనుక్కెళ్తాం. నాన్నకి బీపీ అన్నారు, రాత్రిపూట అన్నం తగ్గించి సూప్ తాగితే మంచిదిలే అని నాలుగు సూప్ ప్యాకెట్లు బ్యాగ్‌లో పడేస్తాం. ప్రేమతోనే తీసుకెళ్తాం. కానీ బీపీ ఉన్న మనిషికి ముందు చూడాల్సింది ఉప్పు. ప్యాకెట్ ముందువైపు ఎర్రటి టమాటా బొమ్మ ఉంటుంది కానీ ఉప్పు సంగతి ఉండదు. దానికి ప్యాకెట్ వెనక్కి తిప్పాలి.

ముందు లేబుల్ చదవడం నేర్చుకుందాం

వెనక మూడు విషయాలు చూడండి.

ఒకటి, పదార్థాల వరుస. మన దేశంలో ప్యాకెట్ ఆహారం మీద పదార్థాల్ని బరువు ప్రకారం ఎక్కువ నుంచి తక్కువకి రాయాలి. అంటే మొదట ఏ పేరుంటే ప్యాకెట్‌లో అదే ఎక్కువ అనమాట. మొక్కజొన్న పిండి, చక్కెర, ఉప్పు ఎన్నో స్థానంలో ఉన్నాయి, టమాటా పొడి ఎన్నో స్థానంలో ఉంది? ఈసారి షాప్‌లో మీరే చూడండి.

రెండు, సోడియం. లేబుల్ మీద చాలాసార్లు ఉప్పు అని కాకుండా సోడియం అని మిల్లీగ్రాముల్లో ఉంటుంది. దాన్ని 2.5తో గుణిస్తే ఉప్పు ఎంతో వస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెద్దవాళ్లకి చెప్పే లెక్క ఏంటంటే, రోజుకి 2000 మిల్లీగ్రాముల లోపు సోడియం, అంటే 5 గ్రాముల లోపు ఉప్పు. సుమారు ఒక టీస్పూన్. పొద్దున ఇడ్లీ, చట్నీ, మధ్యాహ్నం పప్పు, కూర, ఆవకాయ, అప్పడం, రాత్రి సూప్... అన్నీ కలిపి ఆ ఒక్క స్పూన్‌లోనే సర్దుకోవాలి.

మూడు, ఆ అంకె దేనికి? 100 గ్రాముల పొడికా, ఒక సర్వింగ్‌కా? ఒక సర్వింగ్ అంటే ఎన్ని మిల్లీలీటర్లు? మనం తాగేది పెద్ద మగ్ అయితే అది రెండు సర్వింగ్‌లు అయ్యే అవకాశం ఉంది. అప్పుడు సోడియం కూడా రెట్టింపే.

ప్యాకెట్ తయారుచేసేవాళ్లని తిట్టడానికి ఇదంతా చెప్పట్లేదు. పొడి నెలల తరబడి పాడవకుండా ఉండాలి, వేడినీళ్లలో నిమిషాల్లో చిక్కబడాలి, ఎప్పుడో ఆరబెట్టిన టమాటాకి రుచి రావాలి. దానికి వాళ్లకి పిండి, చక్కెర, ఉప్పు కావాలి. ఇంట్లో మనకి ఆ ఇబ్బంది లేదు. మనకి పొయ్యి ఉంది, తాజా టమాటా ఉంది.

కాలిస్తే లోపల ఏం జరుగుతుంది?

ఉడకబెట్టిన వంకాయతో చేసిన పచ్చడి, నిప్పుల మీద కాల్చిన వంకాయ పచ్చడి పక్కపక్కన పెట్టండి. కళ్లు మూసుకున్నా ఏది ఏదో చెప్పేస్తాం కదా? వంకాయ అదే, ఉప్పు, కారం అవే. తేడా మంటది.

సైన్స్ సింపుల్‌గా చెప్తాను. నీళ్లు 100 డిగ్రీల దగ్గర మరుగుతాయి. కూరగాయ పైన తడి ఉన్నంతసేపు అది దాదాపు ఆ వేడి దగ్గరే ఆగిపోతుంది. అందుకే ఉడకబెట్టిన టమాటా మెత్తబడుతుంది కానీ బ్రౌన్ అవ్వదు. కాల్చినప్పుడు ముందు పైన తడి ఆరిపోతుంది, తర్వాత వేడి 140 డిగ్రీలు దాటుతుంది. అప్పుడు కూరగాయలోని చక్కెరలు, అమైనో ఆమ్లాలు కలిసి కొత్త రుచులు, కొత్త వాసనలు తయారుచేస్తాయి. దీన్నే మెయిలార్డ్ రియాక్షన్ అంటారు. దోసె అంచు ఎర్రగా కాలి కమ్మగా ఉండేది కూడా దీనివల్లే. పైగా నీళ్లు తగ్గడంతో టమాటాలోని తీపి, పులుపు చిక్కబడతాయి.

టమాటాలో సహజంగా గ్లూటమేట్ ఉంటుంది. నాలుక మీద నిండుగా అనిపించే ఆ రుచి దానిదే. గింజల చుట్టూ ఉండే జిగురు గుజ్జులో అది ఇంకా ఎక్కువ. కాబట్టి సూప్‌కి గింజలు తీసి పారేయకండి.

ఇక ఎర్ర క్యాప్సికం. ఆకుపచ్చ క్యాప్సికం చాలావరకు పండని కాయ. మొక్క మీదే పూర్తిగా పండితే రంగు మారుతుంది, తీపి వస్తుంది. అందుకే ఎర్రది రేటు ఎక్కువ. ఈ సూప్‌లో ఆకుపచ్చది వేస్తే పచ్చివాసన, కాస్త చేదు వస్తాయి. ఇంకో సరదా విషయం, క్యాప్సికం, మన గుంటూరు మిర్చి ఒకే జాతి మొక్కలు. కారం పుట్టించే క్యాప్సైసిన్ క్యాప్సికంలో తయారవ్వదు, అంతే తేడా.

ఇలా కాల్చి తొక్క తీసే పద్ధతి చాలా దేశాల్లో ఉంది. స్పెయిన్‌లోని కాటలోనియాలో క్యాప్సికం, వంకాయ కాల్చి ఎస్కలివాడా అనే వంటకం చేస్తారు. ఉత్తర మాసిడోనియా, సెర్బియా వైపు చలికాలం రాకముందే ఎర్ర క్యాప్సికం భారీగా కాల్చి, ఐవార్ అనే పచ్చడి చేసి సీసాల్లో దాచుకుంటారు. మనం ఎండాకాలంలో ఆవకాయ పెట్టుకున్నట్టే.

కావాల్సినవి (4 కప్పులకి)

బాగా పండిన టమాటాలు అరకిలో. దొరికితే సగం నాటువి, సగం హైబ్రిడ్ తీసుకోండి. నాటువి పులుపు ఇస్తాయి, హైబ్రిడ్ గుజ్జు ఇస్తాయి. ఎర్ర క్యాప్సికం 2. ఉల్లిపాయ 1. వెల్లుల్లి 6 రెబ్బలు, తొక్కతోనే. ఉడికించిన పెసరపప్పు 2 టేబుల్ స్పూన్లు. నూనె 2 టీస్పూన్లు. జీలకర్ర, మిరియాలు అర టీస్పూన్ చొప్పున. ఉప్పు అర టీస్పూన్. నీళ్లు 2 కప్పులు.

మొక్కజొన్న పిండి వద్దు. చిక్కదనం పెసరపప్పు, కాల్చిన ఉల్లిపాయ చూసుకుంటాయి. చారులో పప్పు కట్టు పోస్తే ఎలా ఉంటుందో మనకి తెలిసిందే కదా, ఇదీ అదే పని.

చేసే పద్ధతి

గ్యాస్ స్టవ్ ఉంటే క్యాప్సికంని పుల్కా జాలీ మీద పెట్టి నేరుగా మంట మీద కాల్చండి. పటకారుతో తిప్పుతూ ఉండండి. 8 నుంచి 10 నిమిషాల్లో తొక్క మొత్తం నల్లబడుతుంది. భయపడకండి, నల్లబడేది తొక్క మాత్రమే, దాన్ని మనం తీసేస్తాం. వెంటనే ఒక గిన్నెలో వేసి మూత పెట్టి 10 నిమిషాలు వదిలేయండి. దాని ఆవిరికే తొక్క వదులవుతుంది. చేత్తో రుద్దితే వచ్చేస్తుంది. కుళాయి కింద కడగొద్దు, రుచంతా నీళ్లలో పోతుంది. అక్కడక్కడా నల్లచుక్కలు మిగిలినా ఫర్వాలేదు. తొడిమ, గింజలు తీసేయండి.

ఈలోపు ఇనుప పెనం బాగా వేడిచేసి నూనె వేయండి. టమాటాలు సగానికి కోసి, కోసిన వైపు కిందకి పెట్టండి. పక్కనే మందంగా కోసిన ఉల్లిపాయ, వెల్లుల్లి. మీడియం మంట మీద 6, 7 నిమిషాలు కదపకుండా వదిలేయండి. మాటిమాటికీ కలిపితే టమాటా నీళ్లు వదిలి ఉడుకుతుంది కానీ కాలదు. అడుగున ఎర్రటి మచ్చలు వచ్చాక తిప్పండి. పెనం చిన్నదైతే రెండు విడతలుగా వేయండి, ఇరికించొద్దు.

రూమ్‌లో ఇండక్షన్ స్టవ్ మాత్రమే ఉందా? అడుగు చదునుగా ఉన్న ఇనుప పెనం చాలు. క్యాప్సికంని నాలుగు ముక్కలుగా కోసి, తొక్క వైపు కిందకి పెట్టి గరిటెతో నొక్కుతూ 12 నిమిషాలు కాల్చండి. ఖాళీ నాన్‌స్టిక్ పెనాన్ని మాత్రం ఇంత వేడి చేయొద్దు, పైన పూత పాడవుతుంది. ఎయిర్ ఫ్రయర్ ఉంటే అన్నీ కలిపి 200 డిగ్రీల దగ్గర 20 నుంచి 25 నిమిషాలు.

ఇప్పుడు జాగ్రత్తగా వినండి. కాల్చినవి వేడివేడిగా మిక్సీలో వేయొద్దు. లోపల ఆవిరి మూతని పైకి నెడుతుంది, వేడి గుజ్జు మొహం మీద పడే ప్రమాదం ఉంది. కనీసం 20 నిమిషాలు చల్లారనివ్వండి. వెల్లుల్లి తొక్క తీసి, అన్నీ పప్పుతో కలిపి, జార్‌లో సగం వరకే నింపి మెత్తగా తిప్పండి. వడకట్టాల్సిన పని లేదు, పీచు అలాగే ఉండనివ్వండి. గిన్నెలో పోసి నీళ్లు, దంచిన జీలకర్ర, మిరియాలు వేసి 5 నిమిషాలు మరిగించండి. పులుపు ఉంది కాబట్టి అల్యూమినియం గిన్నె కాకుండా స్టీల్‌ది వాడండి.

ఉప్పు లెక్క

ఉప్పు ఆఖర్న వేయండి. ముందే వేస్తే, సూప్ మరిగి చిక్కబడ్డాక ఎక్కువైపోతుంది. అర టీస్పూన్ అంటే దాదాపు 3 గ్రాములు. నాలుగు కప్పులకి పంచితే కప్పుకి ముప్పావు గ్రాము. సోడియంలో చెప్పాలంటే సుమారు 300 మిల్లీగ్రాములు. ఇప్పుడు మీ ఇంట్లో ఉన్న ప్యాకెట్ తీసి ఒక కప్పుకి ఎంత ఉందో పోల్చుకోండి.

చప్పగా అనిపిస్తే వెంటనే ఉప్పు డబ్బా తీయకండి. ముందు నాలుగు చుక్కల నిమ్మరసం వేసి రుచి చూడండి. తర్వాత మిరియాలు. కోడ్ రాసే రోజుల నుంచి నాకో అలవాటు ఉంది: ఒకేసారి రెండు మార్పులు చేయను. చేస్తే దేనివల్ల బాగుపడిందో తెలియదు. ఇక్కడా అంతే, ఒకటి వేయాలి, రుచి చూడాలి, తర్వాతే ఇంకోటి. పులుపు ఎక్కువైతే టమాటాలతో పాటు ఒక చిన్న క్యారెట్ కాల్చి కలపండి, చక్కెర అవసరం రాదు. క్రీమ్ కావాలంటే స్టవ్ ఆపాక వేయండి. పుల్లటి సూప్‌లో పాలు పోసి మరిగిస్తే విరిగిపోతాయి.

ఇంకో మాట. కిడ్నీ సమస్య ఉండి, పొటాషియం తగ్గించమని డాక్టర్ చెప్పినవాళ్లు టమాటా సూప్ తాగే ముందు అడిగి తాగాలి. టమాటాలో పొటాషియం ఉంటుంది. తక్కువ సోడియం ఉప్పు అని అమ్మే చాలా రకాల్లో కూడా సోడియం బదులు పొటాషియం కలుపుతారు. వాళ్లకి అదీ అడక్కుండా వాడొద్దు.

టమాటా చౌకగా ఉన్నప్పుడే

టమాటా రేటు సంగతి తెలిసిందే. 2023 జులైలో మదనపల్లె మార్కెట్‌లోనే కిలో 150 రూపాయలు దాటింది. మరికొన్ని సీజన్లలో కోత కూలి కూడా రాక రైతులు రోడ్డు పక్కన పారబోస్తారు. రేటు తక్కువ ఉన్నప్పుడు రెండు కిలోలు ఎక్కువ కొని, కాల్చి, ఉప్పు వేయకుండా గుజ్జు చేసి, డబ్బాల్లో ఫ్రీజర్‌లో పెట్టండి. రెండు నెలలు వాడుకోవచ్చు. తయారైన సూప్ అయితే ఫ్రిజ్‌లో రెండు రోజులు.

ఈసారి ఊరెళ్లేటప్పుడు ప్యాకెట్లు వద్దు, రెండు ఎర్ర క్యాప్సికం కొనుక్కెళ్లండి. టమాటాలు, పెసరపప్పు ఎలాగూ ఇంట్లో ఉంటాయి. ఒకసారి మీరే చేసి పెట్టండి. అమ్మ పక్కన నిలబడి చూస్తే చాలు, వంకాయ కాల్చిన చేతులకి క్యాప్సికం కాల్చడం కొత్తగా నేర్పక్కర్లేదు. అర టీస్పూన్ ఉప్పు మాట మాత్రం గట్టిగా చెప్పి రండి.

వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.