మందులు మింగుతుంటే గడ్డ పెరిగిందా?

"వదినా, ఆ మాత్రలు పిల్లకి పడలేదు. మానిపించేశాను."

2022 శ్రావణమాసంలో ఓ రోజు పొద్దున్నే మా ఆడపడుచు ఫోన్లో అన్న మాట ఇది. వరలక్ష్మీ వ్రతానికి పట్టుచీర తీసి దులుపుకుంటున్న నేను అలాగే మంచమ్మీద కూలబడ్డాను.

సంగతేమిటంటే, దాని కూతురికి ఆ వేసవిలో మెడ పక్కన రేగిపండంత బిళ్ళ కట్టింది. నొప్పి లేదు. దగ్గు అసలే లేదు. సాయంత్రమయ్యేసరికి ఒళ్ళు కాస్త వెచ్చబడేది, అన్నం సయించేది కాదు. నెలయినా తగ్గకపోతే ప్రభుత్వాసుపత్రికి తీసుకెళ్ళారు. సూదితో బిళ్ళలోంచి కొంచెం తీసి పరీక్ష చేస్తే టి.బి. అని తేలింది. "దగ్గే లేనిదానికి టి.బి. ఏమిటండీ?" అని మా ఆడపడుచు అక్కడే బావురుమందట.

మన పెద్దవాళ్ళు గండమాల అనేవారే, చాలావరకు అది ఇదే. టి.బి. అంటే ఊపిరితిత్తులకే అనుకుంటాం గానీ బిళ్ళలకీ, ఎముకలకీ, పేగులకీ, చర్మానికీ కూడా వస్తుంది. ఊపిరితిత్తుల్లో లేకుండా ఒక్క మెడ బిళ్ళల్లోనే ఉంటే పక్కవాళ్ళకి అంటుకోదు. ఈ ముక్క తెలియక ఆ ఇంట్లో పిల్లకి కంచం, గ్లాసు విడిగా పెట్టేశారు. కన్నతల్లే పెట్టింది, ఎవరినని ఏం లాభం!

చికిత్స మామూలుగా ఆరు నెలలు. మొదటి రెండు నెలలు నాలుగు రకాల మందులు, తర్వాత నాలుగు నెలలు మూడు రకాలు. అన్నీ ఒకే మాత్రలో కలిపి ఉంటాయి, బరువుని బట్టి లెక్క. నలభై మూడు కిలోల మా పిల్లకి రోజుకి మూడు. ప్రభుత్వాసుపత్రిలో పైసా తీసుకోరు. పైగా తిండి ఖర్చుకని 2018 నుంచి నెలకి 500 రూపాయలు బ్యాంకులో వేసేవారు, 2024 నవంబరు నుంచి దాన్ని 1000 చేశారు. గుడ్లకీ, పప్పుకీ, వేరుశనగపప్పుకీ పనికొస్తాయి.

మొదటి నెలన్నర అంతా బాగానే ఉంది. బిళ్ళ తగ్గింది, పిల్ల రెండు ముద్దలు ఎక్కువ తింటోంది. ఆ తర్వాతే వచ్చింది తంటా. తగ్గిన బిళ్ళే నిమ్మకాయంత అయింది. మెడ ఎముక పైన ఇంకోటి కొత్తగా లేచింది. పట్టుకుంటే వేడి లేదు, ఎరుపు లేదు, నొక్కితే లోపల నీళ్ళున్నట్టు కదులుతోంది. చూసినవాళ్ళంతా మందులు వికటించాయన్నారు. మాత్రలు ఆపేసి, గడ్డ పక్వానికి రావాలని ఉల్లిపాయ కాల్చి కట్టారు. అదీ చాలదన్నట్టు ఊళ్ళో ఒకాయన చేత కోయించారు. విరిగిన పాలలాంటి చీము వచ్చిందట. వచ్చింది సరే, ఆ గాటు మూసుకోలేదు. రోజూ కారుతూనే ఉంది. నాకు ఫోన్ వచ్చేసరికి మాత్రలు మాని పదకొండు రోజులు.

మర్నాడే నేనూ మావారూ వెళ్ళి పిల్లని జిల్లా ఆసుపత్రికి తీసుకెళ్ళాం. అక్కడి డాక్టరమ్మ అన్నీ విని, మెడ చూసి, కోప్పడకుండా ఒకటే అడిగింది. "గడ్డ పెరిగినప్పుడు నా దగ్గరికి రావాల్సింది కదమ్మా, కత్తి దగ్గరికి ఎందుకెళ్ళారు?"

ఆవిడ చెప్పింది నాకు అర్థమైనట్టు రాస్తాను. మందులకి క్రిములు చస్తుంటే వాటి ముక్కలు బిళ్ళలోనే పడి ఉంటాయి. జబ్బుతో నీరసించిన ఒంట్లో మళ్ళీ శక్తి పుంజుకుంటుంది. ఆ శక్తి ఈ చచ్చిన ముక్కల మీదికి కూడా విరుచుకుపడుతుంది. దాంతో వాపు పెరుగుతుంది, చీము పడుతుంది, ఒక్కోసారి కొత్త బిళ్ళలూ పైకి తేలతాయి. బూజు దులుపుతుంటే ఇల్లంతా దుమ్ము లేచినట్టన్నమాట. అది చూసి చీపురు పారేస్తామా? మెడ బిళ్ళల టి.బి.కి మందు వాడేవాళ్ళలో అయిదారుగురిలో ఒకరికి దాకా ఇలా జరుగుతుందట. ఎక్కువగా మొదటి మూడు నెలల్లో, కొందరికి ఇంకా ఆలస్యంగా, చికిత్స ముగిశాక కూడా. హెచ్.ఐ.వి. ఉన్నవాళ్ళు దాని మందులు మొదలుపెట్టినప్పుడు ఇది ఇంకా తరచుగా కనిపిస్తుందట.

అలాగని గడ్డ పెరిగితే "ఆ, ఇది దుమ్మేలే" అని మనంతట మనం అనుకుని ఊరుకోకూడదు. మాత్రలు సరిగ్గా పడుతున్నాయా, క్రిమి మందులకి లొంగని రకమా, అసలు జబ్బు వేరేదా అన్నది డాక్టరే తేల్చాలి. మా పిల్ల చీము పరీక్షకి పంపించారు. లొంగని రకం కాదని తేలింది. క్రిమిని పెంచి చూసే పరీక్షలో ఆరువారాలు చూసినా ఏమీ మొలవలేదు. అంటే లోపల క్రిములు చస్తూనే ఉన్నాయి, మేమేమో ఆ మందులే మాన్పించాం!

రెండో గడ్డకి కత్తి పెట్టలేదు. సూదితో చీము లాగేశారు. అదీ గడ్డ నడినెత్తిన కాదు, పక్కన బాగున్న చర్మంలోంచి గుచ్చి తీశారు. పలచబడిన చోట పొడిస్తే ఆ కన్నం పూడదట. కొందరికి కొన్నాళ్ళు స్టీరాయిడ్ మాత్రలు కూడా ఇస్తారు, మాకు అవసరం పడలేదు. మందుల షాపులో అడిగి తెచ్చి వేసే మాత్రలు కావవి.

ఈ కోయడం సంగతి రాస్తుంటే మా ఇంటర్ ఇంగ్లీషు లెక్చరర్ గుర్తొచ్చారు. ఇంగ్లండులో రాజుగానీ రాణిగానీ ముట్టుకుంటే గండమాల పోతుందని నమ్మేవారట. నిఘంటువు రాసిన సామ్యూల్ జాన్సన్‌ని పసితనంలో, 1712లో, ఆన్ రాణి దగ్గరికి తీసుకెళ్ళారు. పోలేదు. కోయించారు. ఆ మచ్చలు జీవితాంతం ఉండిపోయాయి. మూడొందల ఏళ్ళ తర్వాత మేం చేసిందీ అదే!

చర్మం కింద కనిపించేవి ఇంకా కొన్నున్నాయి. టి.బి. ఉన్న కొందరికి మోకాలి కింద ముందువైపు నొప్పితో ఎర్రటి ముద్దలు లేస్తాయి. పిక్కల వెనక లేచే రకం ఆడవాళ్ళలోనే ఎక్కువ, అవి చితికి పుండ్లు పడొచ్చు. దోమకాటో, వేడి చేసిందో అనుకోకుండా చూపించుకోవాలి. పుట్టగానే పసిపిల్లలకి ఎడమ భుజానికి వేసే బి.సి.జి. టీకా తర్వాత కూడా కొందరికి ఆ చంకలో బిళ్ళ కడుతుంది. చాలావరకు దానంతటదే తగ్గిపోతుంది. కాపడాలు, పట్లు వద్దు. పెద్దదైనా, మెత్తబడినా పిల్లల డాక్టరుకి చూపించాలి.

ఆడవాళ్ళం మనలో మనం చెప్పుకోవాల్సింది ఒకటుంది. ఈ మందుల్లో రిఫాంపిసిన్ ఉన్నన్నాళ్ళూ పిల్లలు వద్దని వేసుకునే మాత్రలు సరిగ్గా పనిచెయ్యవు. వేరే పద్ధతి అడిగి తెలుసుకోవాలి. దానివల్లే మూత్రం నారింజరంగులో వస్తుంది, దానికి కంగారు అక్కర్లేదు. కళ్ళు పచ్చబడినా, వాంతులు ఆగకపోయినా, చూపు మసకబారినా, ఒళ్ళంతా దద్దుర్లు లేచినా మాత్రం ఆ రోజే ఆసుపత్రికి వెళ్ళాలి.

మా పిల్ల మాత్రలు మళ్ళీ మొదలుపెట్టింది. కార్తీకమాసానికి మెడ మీది గాటు ఎండింది. డాక్టరమ్మ చికిత్సని తొమ్మిది నెలలకి పొడిగించింది, 2023 మార్చితో అయిపోయింది. కంచం, గ్లాసు ఎప్పుడో మళ్ళీ అందరివాటిలో కలిసిపోయాయి. పిల్ల ఇప్పుడు ఉద్యోగం చేసుకుంటోంది. మెడ మీద మడత పడ్డ మచ్చ ఉంది, జడ ముందుకేసుకుంటుంది.

కంది గింజంత బిళ్ళ ఒకటి మాత్రం లోపల మిగిలిపోయింది. అలా మిగలడం మామూలే, పెరగనంతవరకు భయం లేదని డాక్టరమ్మ చెప్పింది. అయినా పిల్ల ఇంటికొచ్చినప్పుడల్లా మా ఆడపడుచు తలంటు పోసి, మెడ తడిమి చూసి నాకు ఫోన్ చేస్తుంది. "అంతే ఉంది వదినా."