అడవి సరుకు వ్యాపారంలో నమ్మకం

భిలాయి ఉక్కు కర్మాగారానికి 1959 నుండి దశాబ్దాల తరబడి ఇనుప ఖనిజం అందించినవి దల్లీ-రాజహరా గనులు. ఆ గనుల చుట్టుపట్ల గోండు, హల్బా గిరిజనుల పల్లెలు ఉన్నవి. భిలాయిలో స్థిరపడిన తెలుగు వర్తకులు అక్కడి సంతలలో చింతపండు, ఇప్పపువ్వు, సారపప్పు కొనదలచినచో ఒక సంగతి ముందుగా గ్రహించవలెను. అక్కడ సరుకుకు కొదవ లేదు. కొరవడినది వర్తకుని మీద నమ్మకం.

అది ఊరికే పోలేదు. బస్తరు వైపు ఒకప్పుడు ఉప్పు ఇచ్చి, అంతే తూకం సారపప్పు పట్టుకొని పోయేవారు. నేటి మోసం ఇంత బాహాటంగా ఉండదు. అది బయానాలో దాగి ఉంటుంది. ఉదాహరణకు, వానాకాలంలో గాదె ఖాళీ అయినప్పుడు వర్తకుడు 3,000 రూపాయలు అప్పిచ్చాడనుకోండి. వేసవిలో కిలో 40 రూపాయలు పలికే చింతపండును 30 రూపాయలకు కట్టి 100 కిలోలు తీసుకుంటాడు. న్యాయంగా రావలసినది 75 కిలోలే. మిగిలిన 25 కిలోలు, అనగా 1,000 రూపాయలు, వడ్డీ అన్న పేరు లేని వడ్డీ. కాగితం చదవలేకపోయినా, ఈ లెక్క గిరిజన మహిళకు బాగా తెలుసు!

కనుక అప్పు వేరు, కొనుగోలు వేరుగా ఉంచండి. ముద్ర వేయించిన కాటాను అమ్మేవారికి కనబడేలా పెట్టండి. ఆమె తన పైలితో కొలిచి తెస్తే, ఆ కొలతను ఆమె ఎదుటనే తూచి చూపండి. అంకెలు పైకి చెప్పి, సొమ్ము అక్కడికక్కడే ఇవ్వండి. బాలోద్ ప్రాంతంలో ఛత్తీస్‌గఢీ చాలును. దక్షిణాన గోండి వినబడుతుంది. ఆ భాషలో రండ్, మూండ్, నాలుంగ్ అని లెక్కపెడుతుంటే మన చెవికి చుట్టరికం తెలియకపోదు.

2006 అటవీ హక్కుల చట్టం చిన్నతరహా అటవీ ఫలసాయంపై యాజమాన్య హక్కును సేకరించేవారికే ఇచ్చింది. పలు సరుకులకు ప్రభుత్వ మద్దతు ధర కూడా ఉన్నది. అంతకు తక్కువకు బేరమాడకండి. తునికాకు జోలికి అసలే పోవద్దు. 1964 చట్టం ప్రకారం దాని కొనుగోలు ప్రభుత్వ వ్యవస్థదే.

రొక్కం చెల్లించుటకు పెట్టుబడి కావలెను గదా! ఇప్పపువ్వు మార్చి, ఏప్రిల్ మాసాలలో రాలుతుంది. సారపప్పు ఆ వెనుకనే వస్తుంది. కావున రుణ దరఖాస్తును డిసెంబరులోనే శాఖకు అందజేయండి. గత ఏటి కొనుగోలు చీటీలు, కాటా తనిఖీ పత్రం జతపరచండి.