సహాయ పాత్రల్లో కనిపించే జర్మనీ

'మాయాబజార్'లో ఎస్వీ రంగారావు ఘటోత్కచుడై విజృంభించిన 1957లోనే, జర్మనీలో మారియో అడార్ఫ్ అనే యువనటుడు ఒక్క సినిమాతో దేశమంతటికీ తెలిశాడు. ఆయన తండ్రి ఇటలీలోని కలాబ్రియాకు చెందిన సర్జన్, తల్లి జర్మన్. పెళ్లి కాని ఆ తల్లి బట్టలు కుట్టి, మాయెన్ అనే చిన్న ఊళ్లో కొడుకును ఒంటరిగా పెంచింది. నల్లజుట్టు, మొరటు ముఖం, దిట్టమైన ఒళ్లు ఉన్న ఈ కుర్రాడు అప్పటి జర్మన్ నిర్మాతలు కోరుకునే హీరోకు చాలా దూరం. అందుకే సహాయ పాత్రలతో సరిపెట్టుకున్నాడని ఆయన గురించి జాలిపడేవారున్నారు. ఆ జాలి అక్కర్లేదు. సగటు జర్మన్ ఎలా ఉంటాడో తెరమీద అందరికంటే నిక్కచ్చిగా చూపించింది ఈ సగం ఇటాలియనే. ఆ పని హీరో వేషాల్లో అయ్యేది కాదు.

మొదట్లో మాత్రం ఆయన్ని పరాయివాడిగానే వాడుకున్నారు. 1963 నాటి 'విన్నెటూ' మొదటి భాగంలో విలన్ సాంటర్ ఆయనే. అందులో నాయకుడి చెల్లెల్ని చంపినందుకు దశాబ్దాల తర్వాత కూడా అభిమానులు ఆయన్ని నిలదీసేవారు. హాలీవుడ్ 'మేజర్ డండీ'లో సార్జెంట్ గోమెజ్‌ని చేసింది. ఇటలీ 1972లో 'మిలానో కాలిబ్రో 9'లో మాఫియా రౌడీని చేసి, మరుసటి ఏడాది ఏకంగా ముస్సోలినీ వేషం ఇచ్చింది. ముఖం చూసి మూస వేషాలిచ్చారన్న ఆరోపణ ఇక్కడ నిజమే. కానీ కథ అక్కడితో ఆగలేదు.

ఫోల్కర్ ష్లోన్‌డోర్ఫ్ 1979లో తీసిన 'టిన్ డ్రమ్'లో అడార్ఫ్ చేసిన ఆల్ఫ్రెడ్ మాట్సెరాట్ ఒక కిరాణా కొట్టు యజమాని. ప్రేమను మాటల్లో చెప్పడం రాదు, వండిపెట్టడం వచ్చు. గుర్రం తలలోంచి లాగిన పాముచేపల్ని చూసి భార్యకు కడుపులో తిప్పుతుంటే, ఈయన వాటినే కొని తెచ్చి ఉత్సాహంగా కూర చేస్తాడు. తినలేనని ఆమె ఏడిస్తే అతనికి అర్థం కాదు. అదే మనిషి అదే ఉత్సాహంతో నాజీ యూనిఫాం తొడుక్కుని ఊరేగింపులకు వెళ్తాడు. చివరికి రష్యన్ సైనికులు ఇంట్లోకి వచ్చినప్పుడు పార్టీ బ్యాడ్జీని దాచే దారిలేక మింగేసి, అది గొంతులో అడ్డుపడి గిలగిలలాడుతూ తూటాలకు బలవుతాడు. అడార్ఫ్ అతన్ని రాక్షసుడిగా చెయ్యలేదు, అమాయకుడిగానూ వదిలెయ్యలేదు. నాజీ పాలనను మోసింది వంటింట్లో ఏప్రాన్ కట్టుకున్న ఇలాంటి మంచివాళ్లేనని ఆ నటన చెబుతుంది.

ఆ ఘనత సినిమాకు మూలమైన గుంటర్ గ్రాస్ నవలది, దర్శకుడిది కాదా అని అడగవచ్చు. ఒక్క పాత్రే అయితే ఒప్పుకోవచ్చు. ఫాస్‌బిండర్ 1981లో తీసిన 'లోలా' కథ వేరు, రచయితలు వేరు. అందులో ఊరినంతా గుప్పిట్లో పెట్టుకున్న బిల్డర్ షుకెర్ట్ అవినీతిపరుడు, అయినా మనకు నచ్చేస్తాడు. యుద్ధం తర్వాత జర్మనీ ఎలా డబ్బు చేసుకుందో అతని నవ్వులోనే తెలుస్తుంది. 1986 టీవీ సీరియల్ 'కీర్ రోయాల్'లో అయితే అడార్ఫ్ కనిపించింది ఒక్క ఎపిసోడ్‌లోనే. పేపర్లో తన పేరు పడాలని ఆరాటపడే జిగురు ఫ్యాక్టరీ యజమాని హాఫెన్‌లోహర్, విలేఖరిని మొదట బతిమాలి, తర్వాత డబ్బుతో ముంచేస్తానని బెదిరిస్తాడు. జర్మన్ ప్రేక్షకులు ఆ సన్నివేశాన్ని ఈనాటికీ తలుచుకుంటారు. దర్శకులు మారినా ఈ మనుషుల బరువు మారలేదంటే, అది నటుడు తెచ్చిన బరువే.

అయితే ఇంత నమ్మించగల నటనకు ఇంకో వైపూ ఉంది. అడార్ఫ్‌కు పేరు తెచ్చిన 1957 నాటి సినిమాలో ఆయన చేసింది బ్రూనో లుడ్కే అనే నిజమైన మనిషి పాత్ర. మానసిక వైకల్యం ఉన్న లుడ్కేను నాజీ పోలీసులు 1943లో పట్టుకుని డజన్లకొద్దీ హత్యలు అంటగట్టారు. విచారణ లేకుండానే అతను 1944లో వియన్నాలో నిర్బంధంలో చనిపోయాడు. ఆ నేరాలు అతను చెయ్యలేదని తర్వాతి పరిశోధనలు తేల్చాయి. సినిమా మాత్రం అతన్ని హంతకుడిగానే చూపించింది, ఆ ముఖాన్ని ప్రజల మనసుల్లో ముద్రించింది అడార్ఫ్ నటనే. తప్పుడు కథకు తాను ప్రాణం పోశానని తెలిశాక ఆయన బహిరంగంగానే విచారం వ్యక్తం చేశాడు. 2021లో బెర్లిన్‌లోని కోపెనిక్‌లో లుడ్కే పేరుతో స్మారక రాయి పాతారు.