బొగ్గు సిరులకూ, భూప్రకంపనలకూ మూలం ప్రాణహిత-గోదావరి లోయ
(ప్రత్యేక వ్యాసం)

ఉత్తర తెలంగాణలో వాయవ్యం నుంచి ఆగ్నేయానికి విస్తరించిన ప్రాణహిత-గోదావరి లోయ కేవలం నదీ ప్రవాహం వలన ఏర్పడినది కాదు. భూమి పైపొరలోని పొడవైన పగుళ్ల మధ్య భూభాగం కుంగిపోవడం వలన ఏర్పడిన పగులు లోయ ఇది. ఈ పగుళ్లను భూగర్భ శాస్త్రంలో భ్రంశాలని వ్యవహరిస్తారు. రాష్ట్రానికి బొగ్గు నిక్షేపాలు దక్కడానికీ, అప్పుడప్పుడు భూమి కంపించడానికీ ఇవే మూలం.

భౌగోళిక స్వరూపం:
వార్ధా, వైన్‌గంగ నదుల కలయికతో ఏర్పడిన ప్రాణహిత, మహారాష్ట్ర సరిహద్దు వెంబడి ప్రవహించి కాళేశ్వరం వద్ద గోదావరిలో సంగమిస్తుంది. అక్కడి నుంచి గోదావరి ఏటూరునాగారం, మణుగూరు ప్రాంతాల మీదుగా భద్రాచలం చేరుతుంది. ఆ దిగువన నది పాపికొండల నడుమ తూర్పు కనుమలను దాటగా, పగులు లోయ మాత్రం సత్తుపల్లి, చింతలపూడి ప్రాంతాల మీదుగా సాగి కోస్తా మైదానపు ఒండ్రు పొరల కింద మరుగున పడుతుంది.

బొగ్గు నిలిచిన విధం:
లోయకు ఇరువైపులా అతి ప్రాచీన శిలలు ఉండగా, మధ్యభాగంలో గోండ్వానా శిలలుగా పేర్కొనే ఇసుకరాయి, బంకమట్టి పొరలు ఉన్నాయి. సుమారు 30 కోట్ల సంవత్సరాల క్రితం మొదలైన ఈ నిక్షేపణలో, అడుగున హిమానీనదాలు మిగిల్చిన తాల్చేర్ పొరలు, వాటిపైన బొగ్గును కలిగిన బరాకర్ పొరలు ఏర్పడ్డాయి. భూభాగం కుంగి లోతున చేరినందువల్లనే ఈ పొరలు కోతకు గురికాక నిలిచాయి. 1871లో డాక్టర్ విలియం కింగ్ ఇల్లెందు ప్రాంతంలో బొగ్గును గుర్తించారు. 1889లో తవ్వకాలు ప్రారంభం కాగా, 1920లో సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడింది. బెల్లంపల్లి, రామగుండం, భూపాలపల్లి, మణుగూరు, కొత్తగూడెం గనులన్నీ ఈ లోయలోనివే. బొగ్గు పొరలకు పైనున్న కోటా శిలల్లో యామనపల్లి వద్ద లభించిన రాక్షసబల్లి అస్థిపంజరం హైదరాబాద్‌లోని బిర్లా విజ్ఞాన కేంద్రంలో ఉంది. దానికి కోటాసారస్ అని పేరు పెట్టారు.

అప్రమత్తత అవసరం:
ఈ భ్రంశాలు నేటికీ పూర్తిగా నిద్రాణం కాలేదు. 1969 ఏప్రిల్ 13న భద్రాచలం ప్రాంతంలో రిక్టర్ స్కేలుపై 5కు మించిన భూకంపం సంభవించింది. తిరిగి 2024 డిసెంబర్ 4వ తేదీ ఉదయం ములుగు జిల్లా కేంద్రంగా 5.3 తీవ్రతతో భూమి కంపించింది. ఆ ప్రకంపనలు హైదరాబాద్, విజయవాడ నగరాల వరకు తెలిశాయి. రెండింటి మధ్య అర్ధశతాబ్దానికి పైగా వ్యవధి ఉన్నందున, ప్రజలలో ఏమరుపాటు ఏర్పడడం సహజం. అయితే 2002 నాటి భూకంప మండలాల పటంలోనే ఈ ప్రాంతాన్ని ఒక మోస్తరు ప్రమాదం గల మూడవ మండలంలో చేర్చారు.

భూకంపం ఎప్పుడు వచ్చేదీ ముందుగా చెప్పగల విధానం ఇంతవరకు లేదు. కావున పాఠశాలలు, ఆసుపత్రులు, వంతెనల నిర్మాణంలో భారత ప్రమాణాల సంస్థ నిర్దేశించిన ఐ.ఎస్. 1893 నియమావళిని పాటించడమే అసలైన రక్షణ. నదీ తీరాల మెత్తని ఒండ్రు నేలల్లో ప్రకంపనలు అధికమయ్యే అవకాశం ఉన్నందున, అక్కడ పునాదుల విషయంలో మరింత శ్రద్ధ వహించాలి. తరతరాలుగా సిరులనిచ్చిన ఈ నేల స్వభావాన్ని ఎరిగి నిర్మాణాలు చేపట్టడం అందరి బాధ్యత.